కొండ మోసే చెయ్యి

మా ఇంట్లో దేవుడి గూటి పక్కన ఒక చెక్క అలమార ఉంది. అందులో పదకొండు లావుపాటి పుస్తకాలున్నాయి. అన్నీ ఇంగ్లీషు కామిక్సులే. నెలకొకటి చొప్పున విడివిడిగా వచ్చిన సంచికలన్నిటినీ మొదటి నుంచి చివరి దాకా కలిపి, గట్టి అట్ట వేసి కుట్టిన సంపుటాలు. సగం వాటిలో గాల్లో ఎగిరే వీరులుంటారు. మిగతా సగంలో హత్యలు, బ్యాంకు దొంగలు, టోపీ కిందికి దించుకున్న డిటెక్టివులు. నాకు నలభై రెండేళ్లు. ఈ వయసులో బొమ్మల పుస్తకాలేమిటని మా ఆవిడ నవ్వుతుంది. నవ్వితే నవ్వనీ. ఒకడు పేకాట ఆడతాడు, ఇంకొకడు టీ అంగడి దగ్గర కూర్చుని రాజకీయాలు మాట్లాడతాడు. నాకు ఇదొక్కటే.

ఈ పిచ్చికి కారణం ఉంది. బడికి పోయే రోజుల్లో అద్దెకు తెచ్చుకునే కామిక్సుల్లో మూడో భాగం దొరికితే నాలుగోది దొరికేది కాదు. హంతకుడెవడో తెలియకుండానే నా చిన్నతనమంతా గడిచిపోయింది. అందుకే కొన్నేళ్ల కిందట రాయి కోసే గ్రైండరు బ్లేళ్లు కొనడానికి నంద్యాల పోయి, వాన పడుతుంటే ఒక పాత పుస్తకాల అంగట్లో దూరి, మొదలూ చివరా రెండూ ఒకే అట్టలో ఉన్న పుస్తకాన్ని చూసినప్పుడు నాకు ప్రాణం లేచి వచ్చింది. బ్లేళ్ల సంగతి మరిచిపోయి ఆ పుస్తకంతో ఇల్లు చేరాను. ఆ అంగడి భాయ్ నాకంటే పదేళ్లు పెద్ద. హైదరాబాదు నుంచి మూటల్లో వచ్చే పాత పుస్తకాల్లో ఇలాంటివి కనబడితే నా కోసం పక్కన పెట్టి ఫోను చేస్తాడు.

నిజం చెప్పాలంటే నేను వాటిని చదవను. నా ఇంగ్లీషు బస్సు బోర్డుల దగ్గరే ఆగిపోయింది. చూస్తాను, అంతే. మాది ఆళ్లగడ్డలో రాతిపని. విగ్రహాలు చెక్కుతాం. హత్యల పుస్తకాల్లో ఒక పక్క నుంచి దీపం పడితే ముఖంలో సగం నల్లటి సిరాలో మునిగిపోతుంది చూడండి, ఆ నీడను గంటల తరబడి చూస్తాను. రాతి మీద పని చేసేవాడికి నీడ కుదిరితే సగం పని అయినట్టే. ఎగిరే వీరుల పుస్తకాల్లో నాకు కావలసింది కండలు. చేయి ఎత్తితే భుజం ఎట్లా ముడి పడుతుందో, పిడికిలి బిగిస్తే ముంజేయి ఎట్లా మారుతుందో ఆ బొమ్మలు వేసినవాళ్లకు తెలిసినంతగా ఇంకెవరికీ తెలియదని నా నమ్మకం.

పని నేర్పింది నాయనే. ఆయన పద్ధతి వేరు. తాళం, అంగుళం అనే పాత శిల్పుల కొలతలు, కొలత తాడు, నోటి లెక్క. పుస్తకం ముట్టుకోడు. తాను పట్టిన కుందేలుకు మూడే కాళ్లనే మనిషి. అయితే ఒకటి ఒప్పుకోవాలి, ఆయన పట్టిన కుందేలుకు చాలాసార్లు నిజంగానే మూడు కాళ్లు తేలేవి. రెండేళ్ల కిందట ఆయన కుడిచేయి వణకడం మొదలైంది. పెద్ద పని మానుకున్నాడు. ఒక్కటి మాత్రం వదల్లేదు. మా షెడ్డులో ఏ విగ్రహానికైనా చివరగా మిగిలేది కంటి గీత. గుడిలో పూజారులు జరిపే తంతు వేరే. అంతకు ముందు రాతి మీద ఆ గీత తెరిచే హక్కు ఇంట్లో పెద్ద శిల్పిది. గీత పడితేనే బొమ్మ గడప దాటాలి. వణికే చేత్తోనే నాయన ఆ గీత తెరిచేవాడు. ఉలి రాతికి తగిలే సమయానికి ఆ వణుకు ఎట్లా ఆగిపోయేదో నాకు ఇప్పటికీ తెలియదు.

పోయిన సంవత్సరం చాగలమర్రి పక్క పల్లె నుంచి కొందరు వచ్చి ఆంజనేయుడిని అడిగారు. పలకరాయి మీద పక్కకు తిరిగి నడిచే స్వామి, పైకెత్తిన కుడిచేతిలో సంజీవి కొండ, మనిషెత్తు. నాయన రాయి చూసి, తట్టి, మోత విని, గీతలు గీసి ఇచ్చాడు. "ఇది మొత్తం నువ్వే చెయ్. నేను చెల్లెలింటికి పోతాండా" అని కొత్తపల్లె పోయాడు. నెల రోజులు రాలేదు. పూర్తి విగ్రహం నా చేతిలో పెట్టడం అదే మొదటిసారి. నేను శిల్పినా, ఆయన కింద కూలివాడినా అనేది ఈ బొమ్మతో తేలిపోతుందని నాకు తెలుసు. ఆయనకూ తెలుసు.

మొండెం, తోక, నడుము అన్నీ ఆయన గీతల ప్రకారమే చేశాను. కొండ మోసే చెయ్యి దగ్గరికి వచ్చేసరికి నా బుద్ధి అలమార మీదికి పోయింది. నా పుస్తకాల్లో ఒకదానిలో పేజీ నిండా ఒకే బొమ్మ ఉంది. కూలిపోతున్న మేడ కప్పును ఒక వీరుడు ఒంటి చేత్తో ఆపి నిలబడతాడు. అతని పక్క నుంచి జనం పరుగెత్తుతుంటారు. ఏడాదిగా ఎన్నిసార్లు చూశానో ఆ పేజీ. దుమ్ము పడకుండా ప్లాస్టిక్ కవరులో పెట్టి రాయి పక్కనే నిలబెట్టుకుని ఆ చేతిని అచ్చంగా రాతిలోకి దించేశాను. భుజం మీద ముడి, మోచేయి నుంచి మణికట్టు దాకా ఉబ్బిన నాలుగు నరాలు. నల్లరాతిలో నరం లేపడం మాటలు కాదు. నేనే వెనక్కి జరిగి చూసుకుని మురిసిపోయాను.

విగ్రహం అడిగిన పల్లె కుర్రవాళ్లు చూడడానికి వచ్చి ఫోన్లు తీశారు. "ఏం చేసినావన్నా! స్వామి జిమ్ముకు పోయొచ్చినట్టుండాడు" అన్నారు. ఆ ఫొటోలు ఎక్కడెక్కడికో పోయాయి. పక్క షెడ్ల వాళ్లు కూడా వచ్చి చూసిపోయారు. ఇంట గెలిచి రచ్చ గెలవమంటారు. నేను రచ్చ గెలిచి ఇంటి కోసం ఎదురుచూశాను.

నాయన ఒక ఉదయం బస్సు దిగి, సంచీ కూడా ఇంట్లో పెట్టకుండా నేరుగా షెడ్డుకు వచ్చాడు. పాదాల నుంచి మొదలుపెట్టి పైకి చూసుకుంటూ పోయాడు. నడుము దగ్గర తల ఊపాడు. చేయి దగ్గర ఆగాడు. వేళ్లతో నరాలు తడిమాడు.

"ఏందిరా ఇది?"

"నరాలు నాయనా. కొండ మోస్తాండాడు గదా."

"బరువు మోసేటోనికి నరాలు లేస్తాయి. ఆయనకు కొండ బరువైందా?"

నేను చేతిలోని ఉలి కింద పెట్టాను.

"చెప్పు. బరువైందా?"

"చూసినోళ్లంతా బాగుందన్నారు. పల్లెవాళ్లకు నచ్చింది. నీకొక్కనికే నచ్చలేదు."

"నచ్చితే తీస్కపొమ్మను. నేను మాత్రం కన్ను తెరవను."

అంతే. సంచీ తీసుకుని ఇంట్లోకి పోయి మంచం మీద కూర్చున్నాడు. నాకు ఒళ్లు మండిపోయింది. అరిచాను కూడా. నాకు తలలో తెల్ల వెంట్రుకలు వచ్చాయి, ఇంకా నీ గీత మీదే నడవాలా, కాలం మారింది, జనం మారారు అని నోటికొచ్చినట్టు అన్నాను. మా ఆవిడ వద్దు వద్దని సైగ చేస్తూనే ఉంది. నాయన ఒక్క మాట తిరిగి అనలేదు. ఆయన తిట్టి ఉంటే నాకు ఆ రోజు అన్నం దిగేది.

రెండు రోజులు మింగలేక కక్కలేక తిరిగాను. నా మాట సరైనదని చెప్పే మనిషి ఒక్కడైనా కావాలి కదా. ఆ పుస్తకం సంచిలో వేసుకుని నంద్యాల బస్సెక్కాను. భాయ్ అంగట్లో స్టూలు మీద కూర్చుని జరిగిందంతా చెప్పి, పేజీ తెరిచి ఆయన ముందు పెట్టాను.

"నువ్వే సూడు భాయ్. ఇంత గొప్పగా వేసినారు. ఇది తప్పా?"

భాయ్ కళ్లద్దాలు పెట్టుకున్నాడు. ఆయన ఇంటరు దాకా చదివాడు, ఇంగ్లీషు నిదానంగా కూడబలుక్కుని అర్థం చెప్పగలడు. బొమ్మను కాసేపు మెచ్చుకున్నాడు. తరువాత ఆయన వేలు ఆ వీరుడి నోటి దగ్గరున్న మాటల గాలిబుడగ మీదికి పోయింది.

"వీడేమంటాండాడో తెలుసా నీకు?"

"ఏమంటాడు, పోజు కొడతాంటాడు."

"కాదప్పా. 'తొందరగా పోండి. నా చేతికింక మోసే శక్తి లేదు' అంటాండాడు."

మళ్లీ చదవమన్నాను. మళ్లీ చదివాడు. తరువాతి పేజీ కూడా చదివి చెప్పాడు. అందులో ఆ వీరుడు మోకాళ్ల మీద పడిపోతాడు, కప్పు కూలుతుంది. ఆ పేజీ నేను వందసార్లు చూశాను. దుమ్ములో ఏదో యుద్ధం జరుగుతోందనుకున్నాను. ఏడాది పాటు నేను బలమని మురిసిపోయింది, ఇంక మోయలేనని మొర పెట్టుకునే మనిషి చెయ్యి. ఆ చెయ్యి తీసుకుపోయి ఆంజనేయుడికి అతికించాను. నాయన ఆ పుస్తకం ఎన్నడూ చూడలేదు. నాలుగు నరాలు తడిమి, అందులో ఏమి రాసుందో చదివేశాడు. నాకు సిగ్గేసింది. సిగ్గుతో పాటు, చెబితే నమ్మరు, సంతోషం కూడా వేసింది. మా నాయన అంత పనివాడని అప్పటిదాకా నాకు నిజంగా తెలియదు.

భాయ్ మాత్రం పుస్తకాన్ని మూయలేదు. "బొమ్మ గీసినోడు తప్పు చేయలేదు. వాడు మనిషిని గీసినాడు" అన్నాడు. అది కూడా నిజమే. అందుకే ఆ పుస్తకం ఇప్పటికీ నా అలమారలోనే ఉంది.

ఇంటికి వచ్చి నాయనకు ఏమీ చెప్పలేదు. మరుసటి ఉదయం చిన్న ఉలి తీసుకుని నరాలు దించడం మొదలుపెట్టాను. రాతిలో ఉబ్బెత్తును చెరపాలంటే దాని ఒక్కదాన్నే చెరపలేం. చుట్టూ ఉన్న రాయినంతా అదే మట్టానికి దించాలి. నరాలు పోయేసరికి భుజం ముడి ఎక్కువనిపించింది. అది దించితే మోచేయి ఎక్కువనిపించింది. తొమ్మిది రోజులు పట్టింది. పల్లె కుర్రవాళ్లు ఫోను చేసి, "నరాలు యాడికి పోయినాయన్నా?" అని గోల పెట్టారు. వచ్చి చూడండి, అప్పుడు మాట్లాడుకుందాం అన్నాను. నాయన రోజూ షెడ్డు ముందు నుంచి టీకి పోయి వచ్చేవాడు. లోపలికి రాలేదు. ఉలి చప్పుడు మాత్రం విని ఉంటాడు. నరం లేపే దెబ్బకూ దించే దెబ్బకూ తేడా ఆయనకు తెలియకుండా ఎట్లా ఉంటుంది?

చివరి రోజు నీళ్లు పోసి రుద్ది కడిగాక నా తప్పు నాకు కనబడింది. కుడిచెయ్యి ఎడమచేయి కంటే సన్నబడింది. రెండూ పోల్చి చూస్తే దాచలేనంత తేడా. పోయిన రాయి తిరిగి రాదు. నెల పని, పల్లెవాళ్ల రాయి, నాయన నమ్మకం, అన్నీ బూడిదలో పోసిన పన్నీరే అనుకుని కూలబడ్డాను.

ఆ పూటే నాయన లోపలికి వచ్చాడు. తడి రాతి మీద అరచేయి పెట్టి భుజం నుంచి మణికట్టు దాకా మెల్లగా జార్చాడు. తరువాత ఎడమచేతిని పట్టి చూశాడు.

"ఈ చెయ్యి సన్నగుండాదే."

"అవును నాయనా. ఎక్కువ తీసేసినా. తప్పయిపోయింది."

ఆయన మళ్లీ ఆ సన్నటి చేతినే నిమిరాడు. పైనున్న కొండ కేసి చూశాడు.

"ఉండనీ. కొండ మోసే చెయ్యి సన్నగుంటేనే తెలుస్తాది, ఆయనకది పువ్వంత తేలికని."

కంటి ఉలి తెచ్చి ఆయన చేతికి ఇవ్వబోయాను. పక్కకు తిరిగిన స్వామి కాబట్టి కనబడేది ఒక్క కన్నే. ఒక్క గీతే మిగిలింది. నాయన చెయ్యి చాపలేదు.

"నువ్వే తెరువు."

"నాకు చేతకాదు నాయనా."

"మెచ్చుకున్న నరాన్ని కొట్టేసుకున్నోనికి కన్ను తెరవడం చేతకాదా? తెరువు."

ఆయన నా వెనక నిలబడ్డాడు. గీత తెరవడానికి ఎంతసేపు పట్టిందో చెప్పలేను. పై రెప్ప, కింద రెప్ప, నడుమ గుడ్డు. ఉలి తీసేసరికి స్వామి ముందుకు చూస్తున్నాడు. నేను ఏడుస్తున్నాను. ముప్పై ఏళ్లుగా ఆయన ఒక్కడిదే అయిన గీత అది. అది నాకు ఇచ్చేసి ఆయన ఖాళీ చేతులతో నిలబడి ఉన్నాడు. ఆ కుడిచేయి వణుకుతూనే ఉంది.

వెనక్కి తిరిగి కాళ్లు పట్టుకోబోతే భుజం మీద ఒక్కటి వేశాడు.

"ఏడ్చింది చాల్లే. కంట్లో దుమ్ము పడింది, తుడువు."

నా కంట్లోననుకుని నా కళ్లు తుడుచుకున్నాను.

"నీది కాదురా, ఆయనది" అన్నాడు నాయన.