మామకు ఎవరూ చెప్పని కబురు

మా మేనమామ పోయాడని మొన్న మంగళవారం పొద్దున అత్త ఫోన్ చేసింది. గుమ్మిడిపూండిలో షిఫ్టుకు పోతూ ఫ్యాక్టరీ గేటు దగ్గరే నిలబడిపోయాను. "నిద్రలోనే పోయినాడమ్మా. ఎవురికీ ఒక మాట గూడా చెప్పకుండా పోయినాడు," అని ఏడ్చింది.

చెప్పకుండా పోవడం ఆయన ఎరగని పని. పొలంలో మోటారు వేసే ముందు పక్క మడివాళ్ళను కేకేసి చెప్పేవాడు. మా ఇంటికొస్తే, ఏ బస్సుకు తిరిగి పోతాడో చెప్పులు విప్పకముందే చెప్పేవాడు. "చెప్పేదానికేం, నోరు నొస్తాదా?" అనేవాడు.

పొదటూరుపేట దగ్గర ఆయనకో మామిడితోపు ఉండేది. తాత పోయిన ఏడాది మామ, మా అమ్మ కలిసి నాటి, కడవలతో నీళ్ళు మోసి బతికించిన చెట్లు. రోడ్డు వెడల్పు చేస్తామని ఆఫీసువాళ్ళు వచ్చి కొలిచారు. తోపు పోతుంది, చెట్లు మీరే కొట్టించుకోండి, లేకపోతే బుల్డోజరు వస్తుందన్నారు. అది చూడలేక మామ తనే మనుషుల్ని పెట్టి కొట్టించాడు. పొంగల్ దాటాక, పూత మీదున్న చెట్లు. ఒక్కో చెట్టు పడేదాకా పక్కనే నిలబడ్డాడు.

ఎండాకాలం గడిచినా రోడ్డు రాలేదు. నన్ను తోడు తీసుకుని తిరుత్తణి ఆఫీసుకు వెళ్ళాడు. గుమాస్తా కంప్యూటరు చూసి, "రోడ్డు మీ పక్క రాదయ్యా. అవతలికి మార్చేసినారు," అన్నాడు.

"ఎప్పుడు మార్చినారు సార్?" అని మామ అడిగాడు.

"పొంగల్‌కు ముందే."

"మాకు చెప్పలేదే?"

"బోర్డు మీద కాగితం ఒట్టినాం గదా. మీరే వచ్చి చూసుకోవాల."

"కొలిచేదానికి మా ఇంటికి దోవ తెలిసింది. వద్దని చెప్పేదానికి తెలీకపోయిందా సార్?"

గుమాస్తా వరసలో మా వెనకున్న మనిషిని పిలిచాడు.

తిరువళ్ళూరులో పెద్ద ఆఫీసుకూ పోయాం. అంతా పద్ధతి ప్రకారమే జరిగిందన్నారు. "భూమి మిగిలింది గదా, సంతోషపడండి," అని ఒకాయన నవ్వాడు. ఆ నవ్వును నేనింకా క్షమించలేదు. నిర్ణయం మార్చుకునే అధికారం వాళ్ళకుంది, కాదనను. ఆ నిర్ణయం ఎవరి నెత్తిన పడుతుందో వాళ్ళకు చెప్పే బాధ్యతను మాత్రం గోడకు అప్పగించి చేతులు దులుపుకున్నారు. మామ మళ్ళీ ఒక్క మొక్క నాటలేదు. "మళ్ళా ఏం మార్చినారో, మనకెవురు చెప్తారు?" అనేవాడు.

కానీ సోమవారాలు తిరుత్తణి ఆఫీసుకు పోవడం మానలేదు. ఆయన పని ఏమీ లేదక్కడ. బోర్డు ముందు నిలబడి, చదువు రానివాళ్ళకు అరవంలో ఉన్నదాన్ని తెలుగులో చెప్పేవాడు. ఆయన్ని చివరిసారి చూసింది అక్కడే. వాన పడుతోంది. గొడుగు తన మీద కాక గోడ మీది కాగితం మీద పట్టాడు. చొక్కా వీపుకు అంటుకుపోయింది. వెళ్ళిపోబోతున్న ఒక ముసలామెను కేకేసి ఆపుతున్నాడు.

"ఉండక్కా, పోవద్దు. నీ పేరుండాది, చదువుతా ఉండు."