మలికిపురంలో నా కథానాయికకు ప్రార్థన

ఎనభైల మొదట్లో నేను ఒక వారపత్రికలో కుర్రకారు కోసం రాబోయే చెడ్డకాలాల సీరియళ్లు రాసేవాణ్ణి. వానలు ఆగిపోయేవి, నవ్వడం నేరమయ్యేది, చివరికి ముఖ్యమైనవాళ్లంతా పోయేవారు. పాత్రల్ని చంపితేగాని పెద్ద రచయితని కానని నా గట్టి నమ్మకం. ఈసారి ముగింపు గుండె పిండేస్తే కొత్త సీరియలూ నాకేనన్నాడు ఎడిటరు. జైల్లో ఉన్న నా పదహారేళ్ల కథానాయిక నీలవేణిని ఉరి తీయించి, ఆ కాగితాలు సంచిలో పెట్టుకుని, పాఠకులు నాకు చేసే సన్మానానికి మలికిపురం బయలుదేరాను.

శనివారం ఉదయం బెజవాడలో నర్సాపురం పాసింజరు ఎక్కాను. ఎదుటాయన చేతిలో మా పత్రికే ఉంది. గొంతు సవరించుకుని "సీరియల్ ఎలా ఉందండీ?" అన్నాను.

"అది పిల్లలు చదువుతారండి. నేను వారఫలాల కోసం కొంటాను" అన్నాడాయన. భీమవరం దాకా కిటికీలోంచి చూస్తూ కూర్చున్నాను.

నర్సాపురంలో దిగేసరికి మధ్యాహ్నం. గోదావరి దాటబోయేవారు రేవు దగ్గరే భోజనం చేయడం మంచిది. అవతల సఖినేటిపల్లిలో నాకు టీ తప్ప ఏమీ దొరకలేదు. పంటు మీద సైకిళ్ల మధ్య నిలబడి ఏరు దాటి, బస్సులో కొబ్బరికాయల బస్తా మీద కూర్చుని సాయంత్రానికి మలికిపురం చేరాను. నన్ను పిలిచిన సండేస్కూలు మాస్టారు సుందర్రావుగారింట్లోనే బస. సన్మానం మర్నాడు చర్చిలో, ఆరాధన అయ్యాక.

ఆదివారం మగవాళ్ల వైపు చాప మీద కూర్చున్నాను. పాస్టరుగారు ప్రార్థన విన్నపాలు చదువుతున్నారు. ఒకరి జ్వరం, ఒకరి ఉద్యోగం, ఒకరి గేదె. తర్వాత "చెరలో ఉన్న నీలవేణి" అన్నారు. అందరూ కళ్లు మూసుకున్నారు. నా కళ్లు మాత్రం ఇంతలయ్యాయి.

మాస్టారు నా చెవిలో గొణిగారు: "మా కుర్రాళ్ల పనేనండి. సీరియల్ చదివి బెంగెట్టుకుని చీటీ రాసిచ్చేరు. పెద్దోళ్లు నిజం పిల్లే అనుకున్నారండి. ఇంతమంది ఏడ్చి ప్రార్థన చేసేక, కాదని ఎలా చెప్పమంటారండీ?"

ఆరాధన అయ్యాక, శాలువా కంటే ముందు ఒక ముసలావిడ నా దగ్గరికి వచ్చింది. మరియమ్మగారట, కోతలకీ ఊడ్పులకీ వెళ్లే మనిషి.

"ఆ పిల్లని మీరెరుగుదురంటగా బాబుగారూ. ఎలాగుందండీ?"

సంచిలో ఉరితాడు ఉంది. "ఇంకా లోపలే ఉందండి" అన్నాను.

"ఆయ్. శుక్రవారాలు ఉపాసం ఉంటన్నానండి. ఇక బుధవారాలూ ఉంటాలెండి. వదిలేత్తారు."

నాకు సిగ్గేసింది, ఏడుపూ వచ్చింది. శాలువా కప్పాక ఏం మాట్లాడానో నాకే తెలియదు.

మళ్లీ బస్సు, పంటు, రైలు. పాలకొల్లు దాటాక కాగితాలు తీసి ఉరికంబం కొట్టేశాను, జైలు తలుపు తెరిచాను. ఎందుకు తెరుచుకుందో ఆకివీడు దాకా ఆలోచించినా తోచలేదు. గుడివాడలో కారణం లేకుండానే ఆ పిల్లని ఇంటికి పంపేశాను.

"తలుపు దానంతటదే తెరుచుకోవడమేమిటయ్యా?" అని ఎడిటరు కసురుకుని, మరి నాకు సీరియల్ ఇవ్వలేదు. ఇచ్చినా రాయలేకపోయేవాణ్ణి. ఎవరిని చంపబోయినా, మలికిపురంలో ఆ పెద్దావిడ పస్తుంటుందేమోనని భయం.