మా కారు పికప్పు, జేజి బరువు

పోయిన ఆదివారం పులివెందుల నుంచి జమ్మలమడుగుకు పోతూ ఉంటే, ముద్దనూరు దారిలో ఎత్తు మొదలయ్యేసరికి ముందు ఒక బూడిద నింపుకున్న లారీ పాకుతూ కనిపించింది. కొత్తగా కొన్న కారు కదా, యాక్సిలరేటర్ కొంచెం గట్టిగా తొక్కానో లేదో, బండి ఏమాత్రం ఆయాసపడకుండా లారీని దాటేసి ఎత్తు ఎక్కేసింది. పక్కన కూర్చున్న మా ఆవిడ బాగుందన్నట్టు తలూపింది. నేను మాత్రం దాటీదాటగానే ముందున్న అద్దంలో వెనక సీటు వైపు ఒకసారి చూశాను. మా పాప కాళ్ళు బారజాపుకుని నిద్రపోతూ ఉంది. ప్రతి ఎత్తు దగ్గరా ఎందుకట్లా వెనక్కి చూస్తావని మా ఆవిడ పెళ్ళయిన కొత్తలోనే అడిగింది. అలవాటని చెప్పి తప్పించుకున్నాను. అసలు సంగతి చెప్పాలంటే ఇప్పటికీ తల వంగిపోతుంది.

జ్ఞాపకాలు రాసుకునే వయసు నాకింకా రాలేదు, ఒప్పుకుంటాను. కానీ నాయన కొన్న పాత చిన్న కారులో మొదటిసారి స్టీరింగు పట్టుకుని, ఆ కారును చూసి మురిసిపోవాలో సిగ్గుపడాలో తేల్చుకోలేకపోయిన నా ఈడువాళ్ళు చాలామందే ఉంటారు. వాళ్ళకైతే చెప్పుకోవచ్చు.

మాది సింహాద్రిపురం దగ్గర పల్లె. మా తాత గొర్రెలు మేపిన మనిషి. జేజి, అంటే మా నాయనమ్మ, ఆయన వెంట గొర్రెల వెనక నడిచీ నడిచీ ముసలిదయింది. నాయన కాలానికి మంద అమ్మేసి చీనీ, అంటే బత్తాయి చెట్లు పెట్టుకున్నాం. నేను ఇంజనీరింగు ముగించి జమ్మలమడుగు దగ్గర సిమెంటు ఫ్యాక్టరీలో చేరిన ఏడాది, నాయన ప్రొద్దుటూరులో ఎవరో అమ్ముతున్నారని తెలిసి ఒక ఎనిమిది వందల సీసీ కారు తెచ్చాడు. తెల్లది అంటే తెల్లది, అక్కడక్కడా పసుపు తిరిగిన తెలుపు.

నాయన చెప్పులు వేసుకుని నడిపేవాడు కాదు, పెడలు యాడుందో కాలికి తెలియాలనేవాడు. మా ఎండలకు ఇంజను వేడి కూడా తోడై, ఆ పాత బండి కింది రేకు పెనంలా కాలేది. ఒకరోజు నాయన మడమకు బొబ్బ లేచింది చూసి, జేజి లోపలికి పోయి తన పాత కంబళి తెచ్చి, నాలుగు మడతలు వేసి ఆయన కాళ్ళకింద పరిచింది. మా ఇండ్లలో కంబళి పనికిరాని చోటు లేదు. వానకు కప్పుకునేది అదే, పదిమంది వస్తే పరిచేది అదే, పుట్టిన బిడ్డను పడుకోబెట్టేదీ అదే. కారులోకి రావడం మాకెవరికీ వింతగా తోచలేదు. నాకు మాత్రం దాని గొర్రె వాసన ఇబ్బందిగా ఉండేది. ఫ్యాక్టరీ స్నేహితులు ఎక్కితే ముందే అద్దాలన్నీ దించేవాణ్ణి.

కారు ఎక్కడమంటే జేజికి పండగ. నాయన వెనక కిటికీ పక్కన కూర్చుని, కొంగు తలచుట్టూ బిగించుకుని, దారి పొడవునా వేలు చూపిస్తూ వచ్చేది. ఆ గుట్ట కింద ఒక ఏడు మంద పెట్టినామనీ, ఈ వంకలో నీళ్ళు తాపినామనీ, ఫలానా చేను రైతు మంచోడనీ, ఇంకొకడు కుక్కల్ని ఉసిగొల్పినాడనీ. జమ్మలమడుగులో మా అత్త, అంటే ఆమె ఒక్కగానొక్క కూతురు ఉంది. ఆ ఊరి ప్రయాణమంటే ముందురోజే చీనీకాయల మూట కట్టి గడప దగ్గర పెట్టేది.

ఇంత ముచ్చటైన కారుకు ఒక్కటే లోపం, పికప్పు లేదు. చదును రోడ్డు మీద గుట్టుచప్పుడు లేకుండా పోయేది. ఎత్తు వచ్చినా, ఎవరినైనా దాటాల్సి వచ్చినా, నాయన ఎంత తొక్కినా కదిలేది కాదు. ముద్దనూరు రైలు గేటు ఎత్తగానే మా వెనకాల హారన్ల మోత మొదలయ్యేది. పక్కనుంచి ప్యాసింజరు ఆటోలు దాటిపోతూ ఉంటే, వాటిలో వేలాడేవాళ్ళు మమ్మల్ని చూసి ఇకిలించేవాళ్ళు. మా మేనమామ నోటికి అడ్డూ అదుపూ ఉండదు. ఒకసారి మా వెనకే బైకు మీద వచ్చి, ఊరు చేరినాక పదిమందిలో అందుకున్నాడు.

"ఏంది బావా, కారు కొన్న్యావా, ఎద్దులబండికి అద్దాలు బిగిచ్చినావా? మెకానికల్ ఇంజనీరును ఇంట్లో పెట్టుకోని మళ్ళా!"

నాయన నవ్వేసి ఊరుకున్నాడు. నేను ఊరుకోలేకపోయాను. బండిని బాగుచేసి తీరాలనుకున్నాను.

చదువుకున్న పద్ధతిలోనే మొదలుపెట్టాను. ఏ బండైనా వేగం పుంజుకోవడం రెండు విషయాల మీద ఆధారపడుతుంది. ఒకటి, చక్రాలకు అందే బలం. రెండు, ఆ బలం లాగాల్సిన బరువు. బలం తగ్గడానికి ఏమేం కారణాలుండవచ్చో వరసగా రాసుకుని, సెలవు దొరికినప్పుడల్లా ఒక్కొక్కటే కొట్టేస్తూ వచ్చాను. గాలి ఫిల్టరు మార్చాను. ప్లగ్గులు మార్చాను. పెట్రోలు ఫిల్టరు మార్చాను. టైర్లలో గాలి చూశాను. క్లచ్చు జారితే ఇంజను అరుస్తుంది, బండి కదలదు, అది లేదు. బ్రేకులు పట్టేసి ఉంటే చక్రాలు వేడెక్కుతాయి. జాకీ మీద ఎత్తి తిప్పితే నాలుగూ హాయిగా తిరిగాయి. బానెట్టు ఎత్తి, యాక్సిలరేటర్ తీగను చేత్తో లాగితే ఇంజను వీధంతా వినపడేట్టు గర్జించింది. నేనొక్కణ్ణే నడిపి చూసింది ఊళ్ళోని మట్టిదారిలోనే, అక్కడ గట్టిగా తొక్కే పనే రాదు.

చివరికి ప్రొద్దుటూరులో నేను మామా అని పిలిచే మెకానిక్కు దగ్గరికి తీసుకుపోయాను. కువైట్‌లో కొన్నేళ్ళు పెద్ద పెద్ద బండ్లు చేసి వచ్చిన మనిషి, చేతికన్నా నోటికే పని ఎక్కువ చెప్తాడు. ఎవరి కారు ఎక్కినా, తన గ్రీజు కాళ్ళతో ఖరాబవుతాయని, లోపల పరిచినవన్నీ తీసి బల్లమీద పడేయడం ఆయన అలవాటు. అట్లాగే తీసేసి, ఒక్కడే కారు తీసుకుని బైపాసు దాకా పోయి వచ్చాడు.

"గుర్రం మాదిరి పోతాందప్పా! నీ బండికేం రోగం ల్యా. మీరే సంతకు పోయినట్టు ఎక్కి కూచుంటే అదేం చేస్తాది?"

నాకు దీపం వెలిగినట్టయింది. ఒక్క మనిషితో గుర్రంలా పోతుంది, ఇంటిల్లిపాది ఎక్కితే పోదు. అంటే బలంలో లోపం లేదు, బరువే కారణం. ఇంత తేలిక లెక్క ఇన్నాళ్ళూ తట్టనందుకు నామీద నాకే నవ్వొచ్చింది. పరిచినవన్నీ మళ్ళీ ఎప్పటిలాగే సర్దేసుకుని, గట్టిగా తొక్కి చూడాలని కూడా తోచక, మెల్లగా ఇంటికి వచ్చాను.

ఆ సాయంత్రం వసారాలో అందరూ ఉండగా నా పరిశోధన వినిపించాను. డిక్కీలో ఊరికే తిరిగే నీళ్ళ క్యాన్లు, పాత పలుగు, యూరియా బస్తాలో మిగిలిన సగం, చీనీ మూటలు, ఒక్కోదాని బరువూ చెప్పాను. అక్కడితో ఆగి ఉండాల్సింది. మనుషుల దగ్గరికి కూడా వచ్చాను. నాయనదింత, అమ్మదింత, నాదింత. ఇంత చిన్న ఇంజనుకు ఒక మనిషి తగ్గినా తేడా తెలుస్తుందని చెప్పాను. మూల కూర్చుని చెనక్కాయలు ఒలుస్తున్న జేజి చేయి ఆపి అడిగింది.

"నేనెంత ఉంటా నాయనా?"

"నువ్వా? రెండు చీనీ మూటల కిందికే వస్తావు జేజీ!"

అందరూ నవ్వారు. జేజి కూడా నవ్వి, మళ్ళీ చెనక్కాయలు అందుకుంది.

కొన్నాళ్ళకు అత్త మనవడికి పేరు పెట్టే పండగ వచ్చింది. పోయే రోజు పొద్దున్నే చూస్తే జేజి లేదు, గడప దగ్గర చీనీ మూట కూడా లేదు. బస్సుకు పోయిందని అమ్మ చెప్పింది. పెట్రోలు వాసనకు తల తిప్పుతాండాదని చెప్పిందట. అంతకు ముందెప్పుడూ ఆమెకు తల తిరగలేదు. నాకు అనుమానం రావలసింది, రాలేదు. రాకపోగా, ఈ రోజు నా లెక్క పరీక్షకు నిలబడుతుందని లోపల సంబరపడ్డాను కూడా. డిక్కీ ఖాళీ, వెనక సీట్లో అమ్మ ఒక్కతే.

ముద్దనూరు ఎత్తు దగ్గర బండి ఎప్పటిలాగే పాకింది. నాయన కాలు కిందికంటా అదిమిపెట్టాడు. పల్లెపల్లెకూ ఆగుతూ మా వెనకపడిన బస్సు హారను కొడుతూ వచ్చి, మమ్మల్ని దాటింది. దాటుతూ ఉంటే ఒక కిటికీలో కొంగు తలకు బిగించుకుని, మూట ఒళ్ళో పెట్టుకుని మా జేజి. మమ్మల్ని చూసి ముఖమంతా నవ్వుతో చెయ్యి ఊపింది. ఏదో అరిచింది కూడా, బస్సు చప్పుడులో వినపడలేదు. నాయన చెయ్యి ఊపలేదు.

అత్తగారింట్లో చుట్టాలందరి ముందూ అత్త నిలదీసింది, ఇంత కారు పెట్టుకోని మా యమ్మను బస్సులో తోలినారేమని. ఎవరమూ నోరెత్తకముందే జేజే మమ్మల్ని వెనకేసుకొచ్చింది.

"వాళ్ళనేం అనొద్దు మే. నేను బరువంట, బండి మోయల్యాకుండాదంట. మనోడు లెక్క కట్టి చెప్పినాడు. చదువుకున్నోడు కదా. ఇప్పుడు బాగా పోతాందా నాయనా? బస్సులోంచి అడిగితి, నీకు ఇనపడల్యా."

ఆమె గొంతులో నిష్ఠూరం ఏమాత్రం లేదు. ఉండి ఉంటే నేనక్కడ నిలబడగలిగేవాణ్ణి. బాగా పోతోందని అబద్ధం చెప్పలేక, పోవడంలేదని నిజం చెప్పలేక, బిడ్డను చూసే నెపంతో లోపలి గదిలోకి పోయాను. తిరుగు ప్రయాణంలో నాయన ఎంత బతిమాలినా ఆమె కారు ఎక్కలేదు. ఇక ఎక్కనని కోపంతో చెప్పినా బాగుండేది. బస్సే బాగుండాదప్పా, గాలి వస్తాదని నెమ్మదిగా అంది.

మరుసటి వారం ఒక్కణ్ణే ప్రొద్దుటూరు పోయాను. వర్షం పడుతూ ఉంది, బైపాసు దాకా నడిపి చూసే వీలు లేదు. మెకానిక్కు మామ ఇంకో బండి కింద నుంచి లేచి వచ్చి, నన్ను సీట్లోనే కూర్చోమని, తాను బానెట్టు ఎత్తి వంగి చూస్తూ తొక్కమన్నాడు.

"ఇంకా తొక్కప్పా."

"తొక్కినా మామా, అంతే."

"యాడ తొక్కినావు? ఈడ సగం కూడా తెరుచుకోల్యా. కాలు పడిపోయిందా ఏంది?"

వచ్చి తలుపు తీసి నా కాళ్ళకింద చెయ్యి పెట్టి, మడతలు మడతలుగా ఉన్న కంబళిని బయటికి లాగాడు. "ఇదేందప్పా, గొర్రెను మేపుతాండావా కారులో?" అని పగలబడి నవ్వాడు. కంబళి తీసినాక తొక్కితే పెడలు ఇంకో అంత లోతుకు దిగింది. ఇన్నాళ్ళూ ఆ మడతలకు తగిలి పెడలు సగంలోనే ఆగిపోతూ ఉంది. చదునులో సగం చాలు, ఎత్తుకు చాలదు. ఆ రోజు ఆయన ఒక్కడే నడిపినప్పుడు మనుషులు తగ్గారు, కంబళీ లేదు. రెండూ ఒకేసారి మారితే ఏది కారణమో తేల్చకూడదని మొదటి ఏడాది ప్రయోగశాలలోనే నేర్పుతారు. నేను నాకు తోచిన ఒక్కటే పట్టుకుని, దాన్ని తెచ్చి ముసలామె నెత్తిన పెట్టాను.

కంబళి ఒళ్ళో పెట్టుకుని చాలాసేపు ఆ షెడ్డులోనే కూర్చున్నాను. నీ బరువు కాదు జేజీ అని చెప్పాలంటే, నువ్వు పరిచిన కంబళి అని చెప్పాలి. ఒక నింద తీసి ఇంకో నింద ఆమె చేతికే ఇవ్వాలి. ఊరికి వచ్చి, చీనీ చెట్లలో ఉన్న నాయన దగ్గరికి పోయి చెప్పాను. ఆయన నీళ్ళు కడుతూ ఉన్నవాడు పార ఆపాడు.

"తీగ పట్టేసిందని చెప్పు. మార్చినామని చెప్పు. కంబళి మాట ఎత్తితే నాలిక కోస్తా."

అట్లాగే చెప్పాను. తీగ చెడిపోయిందనీ, నేను లెక్క తప్పు చేశాననీ, ఆమె బరువుకూ దీనికీ సంబంధం లేదనీ. ఆమె విని, పోనీలే నాయనా, తీగలు చెడిపోకుండా ఉంటాయా అని నన్నే ఓదార్చింది. కంబళిని ఉతికి వెనక సీటులో ఆమె కూర్చునే చోట పరిచాం. మరి మీ నాయనకు కాళ్ళు కాలవా అని ఒక్క మాట అడిగింది. అప్పటికే నాయన, జన్మలో ఇష్టపడని పని, చెప్పులు వేసుకుని నడపడం మొదలుపెట్టి ఉన్నాడు.

మళ్ళీ జమ్మలమడుగు పోయిన రోజు నేను నడిపాను. జేజి తన చోట కూర్చుంది. గుట్టలూ వంకలూ చూపించింది. ముద్దనూరు ఎత్తు రాగానే పూర్తిగా తొక్కాను. బండి ఎగిరినట్టు లేచింది, ముందున్న లారీని దాటింది. సంతోషం పట్టలేక అద్దంలో జేజిని చూశాను. ఆమె తలుపు మీది పిడిని రెండు చేతులా పట్టుకుని, సీటు నుంచి బెత్తెడు పైకి లేచి, పళ్ళు బిగబట్టి ఉంది. ఎత్తు అయిపోయినాక మెల్లగా కూర్చుని ఊపిరి వదిలింది.

ఎందుకు జేజీ అట్లా అంటే, ఊరికేలే నాయనా, దానికి కొంచెం సులువుగా ఉంటాదని అంది. లేచినంత మాత్రాన బరువు తగ్గదని ఆమెకు లెక్కలో చెప్పడానికి నాకింక నోరు రాలేదు. ఆ కారు ఉన్నన్నాళ్ళూ, ఆమె ఉన్నన్నాళ్ళూ, ఏ చిన్న ఎత్తు వచ్చినా అట్లాగే లేచేది. మోకాళ్ళ నొప్పులతో నడవలేని రోజుల్లో కూడా, ఆసుపత్రికి తీసుకుపోతూ ఉంటే, పిడి అందుకోవడానికి చెయ్యి చాచేది. నేను గేరు తగ్గించి, మెల్లగా, ఎత్తు తెలియనివ్వకుండా నడపడం నేర్చుకున్నాను. ఎంత మెల్లగా పోయినా ఆమెకు తెలిసేది.

ఇప్పుడా దారి వెడల్పయింది. ఆ పాత కారు ఎవరి చేతుల్లోనో, ఏ తుక్కు కొట్టులోనో ఉంటుంది. కంబళి మాత్రం మా పాప పుట్టినప్పుడు ఒకసారి బయటికి తీసి పరిచి, మళ్ళీ బీరువాలో పెట్టాం. కొత్త కారుకు బలం ఎంతుందంటే, ఇంటిల్లిపాదీ ఎక్కినా, డిక్కీ నిండా మూటలు వేసినా, ఎత్తు మీద దానికేమీ తెలియదు. లోపల కూర్చున్నవాళ్ళకూ తెలియదు. మా పాప నిద్రలో ఒళ్ళంతా సీటుకు వదిలేసి పడుకుంటుంది. పోయిన ఆదివారం అద్దంలో పాపను చూసినాక, తలుపు మీది పిడి కూడా చూశాను. దాని మీద ప్లాస్టిక్ కవరు ఇంకా చింపలేదు.