మొదటి జ్వరం ఎవరింట్లో

నా చిన్నప్పుడు నాకు అన్నిటికంటే భయం దగ్గంటే. పాములన్నా, చీకటన్నా అంత భయం ఉండేది కాదు. మా ఇంట్లో ఎవరైనా దగ్గితే మాత్రం గుండె ఆగినంత పనయ్యేది. విచిత్రమేమిటంటే పెద్దయ్యాక బతుకంతా ఆ దగ్గుల వెంటే తిరిగాను. ఫ్లూ జ్వరం ఏ ఊళ్ళో మొదలైంది, ఎవరినుంచి ఎవరికి పాకింది, రేపు ఏ దారిన పోతుంది అని లెక్కలు కట్టడమే నా ఉద్యోగం. ఆ పని మీద కోళ్ళఫారాల్లో కూర్చున్నాను, ఓడరేవుల్లో పడిగాపులు కాశాను, భాష రాని దేశాల్లో గడప గడపా ఎక్కాను. నన్ను చూసినవాళ్ళు ఎంత ధైర్యవంతురాలో అనుకునేవారు. వాళ్ళకేం తెలుసు! నేను పుట్టు పిరికిదాన్ని. ఆ పిరికితనం ఎవరికి ఎంత చేటు చేస్తుందో తొమ్మిదేళ్ళ వయసులో కళ్ళారా చూశాను.

మా ఊరు నానక్‌రామ్‌గూడ. ఇప్పుడక్కడ తలెత్తి చూస్తే మెడ పట్టేసేంత అద్దాల మేడలు. అప్పుడు బండరాళ్ళు, జొన్నచేలు, మధ్యలో కాసిని ఇళ్ళు. తెలంగాణ ఉద్యమం మొదటిసారి ఉవ్వెత్తున లేచిన అరవై తొమ్మిది అది. మా అన్న పట్నంలో కాలేజీలో చదువుతూ ఊరేగింపుల్లో ముందు నడిచేవాడు. ఇక్కడి ఉద్యోగాలు ఇక్కడివాళ్ళకే రావాలన్న మాటలో న్యాయం ఉందని మా బాపు కూడా అనేవాడు. పట్నంలో కాల్పులు జరిగాయని విన్న మూడోనాడు తెల్లవారుతుండగా అన్న చేలకు అడ్డం పడి నడిచి వచ్చాడు. పోలీసులు వెతుకుతున్నారన్నాడు. కళ్ళు ఎర్రగా ఉన్నాయి, ఒళ్ళు పెనంలా కాలుతోంది.

బాపు అన్నను ధాన్యం గుమ్ముల వెనక పడుకోబెట్టి, నా చెయ్యి గట్టిగా పట్టుకున్నాడు. "అన్న పట్నంలనే ఉన్నడు. ఎవలడిగినా గంతే చెప్పు. ఇంకో ముచ్చట నోట్లకెల్లి వచ్చిందంటే అన్నను కొంచవోతరు బిడ్డా" అన్నాడు. ఆనాటినుంచి ఇంట్లో దగ్గు వినబడితే చాలు, అమ్మ రోలు దగ్గరికి పరుగెత్తేది. అన్న దగ్గినంతసేపూ రోకలి పోటు వేసేది. దంచడానికి ఏమీ లేకపోతే ఉత్త రోలునే దంచేది. ఆ చప్పుడు ఆగగానే ఇంకో దగ్గు వస్తుందేమోనని నేను గోడకు అతుక్కుపోయి నిలబడేదాన్ని.

ఆ రహస్యం మొదట పసిగట్టింది మా ఊరి బట్టలుతికే అవ్వ. ఊరందరి మైలా ఆమె మూటలోకే వెళ్ళేది. ఎవరు నీళ్ళాడారో, ఎవరు మంచాన పడ్డారో, ఎవరింట్లో మొగుడూ పెళ్ళాలు వేరు వేరు చాపల మీద పడుకుంటున్నారో ఆమెకు తెలియనిది లేదు. అయినా ఒక ఇంటి సంగతి ఇంకో ఇంటి గడప దాటనిచ్చేది కాదు. మాకు ఆమె అంటే అంత నమ్మకం. అన్న జ్వరం దిగి తానం చేశాక అమ్మ కంగారులో మా బట్టలతోపాటు అతని బొంత, పట్నం చొక్కా కూడా పడేసింది. అవ్వ ఆ చొక్కా ఎత్తి చూసింది, అమ్మ మొహం చూసింది, రోలు వంక చూసింది. చొక్కాను చీరల మధ్యకు దోపి ముడేసింది.

అన్నకు గంజి అందించింది నేనే కాబట్టి నాకూ ముక్కు కారింది, ఒళ్ళు వెచ్చబడింది. బడికి పోకపోతే ఎవరైనా ఇంటికొచ్చి అడుగుతారని బాపు నన్ను బడికి పంపాడు. వడ్రంగం చేసే వడ్ల మేస్త్రి కూతురి పక్కన కూర్చుని దగ్గాను. కుమ్మరి తాత మనవడితో ఒకే చెంబు నీళ్ళు తాగాను. అప్పుడు నాకేమీ తెలియదు. తెలిశాక మాత్రం ఆ చెంబు ఎన్ని దేశాల్లో నా కలల్లోకి వచ్చిందో చెప్పలేను. అది ఏ రకం వైరస్సో పరీక్షించినవాళ్ళు లేరు. కానీ దారి మాత్రం అదే, సందేహం లేదు.

మా బడికి టీచరమ్మ ఒక్కతే. కోస్తా వైపునుంచి వచ్చింది, భర్త లేడు, నాలుగేళ్ళ పాప ఉండేది. ఆ ఏడాది ఊళ్ళో ఆమెతో మాట్లాడేవాళ్ళు తగ్గిపోయారు. బడిలో దగ్గులు పెరగడం ముందు కనిపెట్టింది ఆమే. పిల్లల్ని ఇళ్ళకు పంపేసి, ఇది ఒకరినుంచి ఒకరికి అంటుకునే జ్వరమని ఇంటింటికీ చెప్పి వచ్చింది. వారానికోసారి సంత కూడే అంగడి రోజున వాళ్ళ పాపకు జ్వరం తగిలింది. మా ఊళ్ళో జ్వరం దిగి తానం చేశాకే పక్కబట్టలు ఉతుకుకు వేసేవాళ్ళం. టీచరమ్మ మాత్రం జ్వరం వచ్చిన పూటే పాప దుప్పట్లు అవ్వకిచ్చి, విడిగా బానలో ఉడకబెట్టమంది. కుంట దగ్గర ఆ బాన విడిగా ఉడకడం అంగడికి పోయేవాళ్ళందరూ చూశారు.

ఇంకేముంది! జ్వరం మాట ముందు ఎత్తింది టీచరమ్మ, జ్వరం దుప్పటి ముందు కనబడింది టీచరమ్మది. కాబట్టి జ్వరం తెచ్చింది టీచరమ్మే. మరుసటి రోజు కుమ్మరి తాత చనిపోయాడు. వారం రోజులుగా మంచంలో ఉన్నాడని ఎవరికీ గుర్తు లేదు. అంగడైన రెండు రోజులకు వడ్ల మేస్త్రి భార్య బొంత, కల్లు దుకాణం వాళ్ళ బొంత ఉతుకుకు వచ్చాయి. ఇక ఊరంతా ఒకటే మాట. ఉద్యమం కోపం ఒకటి, జ్వరం భయం ఒకటి. రెండూ కలిశాక ఏది ఏదో ఎవరికీ తెలియలేదు.

బందు రోజు పొద్దున జనం టీచరమ్మ ఇంటి ముందు పోగయ్యారు. ఎడ్లబండి కూడా తెచ్చారు. బిడ్డను తీసుకుని అప్పటికప్పుడు ఊరు వదలాలన్నారు. నేనూ వెనకాలే వెళ్ళి గోడ వారగా నిలబడ్డాను. టీచరమ్మ పాపను భుజాన వేసుకుని గుమ్మంలో ఉంది. పాప తల వేలాడిపోతోంది. "ఒళ్ళు కాలిపోతోందండి. ఈ ఎండలో బండెక్కిస్తే బతకదండి. రెండు రోజులు ఆగండి, నేనే వెళ్ళిపోతాను" అని ఒక్కొక్కరినీ పేరుపెట్టి బతిమాలుతోంది. పట్నం దారిలో కర్ఫ్యూ ఉందని, బండిని ఎక్కడ ఆపేస్తారో తెలియదని అందరికీ తెలుసు. జనం మధ్యలో పోలీస్ పటేల్ చేతులు కట్టుకుని నిలబడ్డాడు. ఊళ్ళో చీమ చిటుక్కుమన్నా ఠాణాకు చేరవేయడం అతని పని.

నాకు నిజం తెలుసు. జ్వరం మా గుమ్ముల వెనకనుంచి వచ్చింది. నోరు విప్పితే అన్నను తీసుకుపోతారు. విప్పకపోతే ఆ పాప ఏమవుతుందో! మింగలేక కక్కలేక, లంగా అంచు నోట్లో కుక్కుకుని నిలబడ్డాను. దగ్గు వస్తోంది. దగ్గితే అందరూ నా వైపు తిరుగుతారని ఊపిరి బిగబట్టాను. కాళ్ళ మీదుగా వెచ్చగా కారింది కూడా తెలియలేదు.

అప్పుడు అవ్వ వచ్చింది. తలమీది మూటను తెచ్చి సరిగ్గా టీచరమ్మ గడపకు అడ్డంగా దించి, దాని మీదే కూర్చుంది. అరవలేదు, తిట్టలేదు. వడ్ల మేస్త్రిని పిలిచింది.

"అన్నా, వదిన బొంత నాకెప్పుడేసినవ్?"

"అంగడైనంక రెండు దినాలకు."

"జొరం ఉన్నప్పుడే ఏసినవా, తగ్గినంకనా?"

"తగ్గి తానం పోసినంకనే ఏస్తం గద."

"జొరం ఎన్ని దినాలున్నది?"

మేస్త్రి వేళ్ళు మడిచాడు. ఐదు రోజులన్నాడు. అని, మడిచిన వేళ్ళ వంక అలాగే చూస్తూ ఉండిపోయాడు. అవ్వ కల్లు దుకాణం ఆయన్ని అడిగింది. కుమ్మరి తాత కొడుకును అడిగింది. ఎవరింటి సంగతీ తాను చెప్పలేదు, ఎవరింటి సంగతి వాళ్ళ నోటనే చెప్పించింది. అందరి లెక్కా అంగడికి ముందుకే వెళ్ళింది. "టీచరమ్మ జొరమొచ్చిన పూటనే ఏసింది, మీరు తగ్గినంక ఏసిండ్రు. ముందుగాల కనవడ్డది ఆమె దుప్పటి. ముందుగాల వచ్చింది మీ ఇండ్లల్లకు" అంది అవ్వ.

జనంలో గొణుగుడు మొదలైంది. కొందరు తలలు దించుకున్నారు. ఒకరు బండి తిప్పబోయారు కూడా. అంతలో పోలీస్ పటేల్ గొంతు లేచింది. "మరి అందరికంటె ముందుగాల ఎవలింట్ల? నీకు ఎర్కనే గద, చెప్పు" అన్నాడు.

గుమ్మడికాయ దొంగ అంటే భుజాలు తడుముకున్నట్టు నేను గోడలోకి ఇంకా దూరిపోయాను. అవ్వ నా వైపు చూస్తే అయిపోయింది అనుకున్నాను. చూడలేదు. కూర్చున్న మూట ముడిని చేత్తో బిగించింది.

"మా ఇంట్లనే" అంది. "నా కోడలికి."

ఆమె చుట్టూ ఉన్నవాళ్ళు ఒక్కసారిగా నాలుగడుగులు వెనక్కి వేశారు. ఎవరో ఉమ్మేశారు. ఒక్కొక్కరూ వెళ్ళిపోయారు, బండి వెళ్ళిపోయింది. టీచరమ్మ పాపను ఎత్తుకుని లోపలికి పోయి తలుపేసుకుంది. పాప బతికింది. మా అన్న కూడా వారంలో తేరుకుని వెళ్ళిపోయాడు.

అవ్వకు మాత్రం ఊరు తలుపులు వేసేసింది. చేసిన పనికి సాయంత్రాలు ఇంటింటా అన్నం తెచ్చుకోవడం వాళ్ళ హక్కు. చాలా రోజులు ఒక్క గడపలోనూ పిడికెడు పెట్టలేదు. పిల్లల్ని ఆ వాడ వైపు పోనివ్వలేదు. ఆ తరువాత ఆమె కోడలికి నిజంగానే జ్వరం వచ్చింది. ఊరి బొంతలన్నీ ఉతికిన ఇల్లది, రాకుండా ఎలా ఉంటుంది? ఊళ్ళో మందూ మాకూ చూసే మంత్రసాని కూడా గడప తొక్కలేదు. టీచరమ్మ ఒక్కతే వెళ్ళి, గంజి కాచి పోసి, నాలుగు రోజులు ఆ పిల్ల పక్కన కూర్చుంది. అలా గట్టెక్కింది.

అమ్మ ఇచ్చిన సద్ది తీసుకుని నేను కుంట దగ్గరికి వెళ్ళాను. దగ్గరికి పోవడానికి భయమేసి దూరంగా బండ మీద పెట్టాను. అబద్ధం ఎందుకు చెప్పావని మాత్రం అడిగాను. అవ్వ బట్ట పిండుతూనే చెప్పింది. "ముందుగాల ఎవలికొచ్చిందని అడిగేటోళ్ళు మందియ్యనీకి అడగరు బిడ్డా. కొట్టనీకి అడుగుతరు."  నువ్వెందుకు నోరు విప్పలేదని అడుగుతుందేమోనని భయపడ్డాను. అడగలేదు.

నేను చదివిన పెద్ద పెద్ద చదువుల్లో ఈ రెండు ముక్కలూ అవ్వ చెప్పినంత సూటిగా ఎవరూ చెప్పలేదు. జ్వరం ఉందని ముందు చెప్పినవాళ్ళనే జ్వరం తెచ్చినవాళ్ళంటుంది లోకం. ఊళ్ళే కాదు, దేశాలు కూడా ఆ భయంతోనే నోరు నొక్కుకుంటాయి, ఆ నొక్కుకున్న రోజుల్లోనే జ్వరం ఎల్లలు దాటుతుంది. అందుకే ఎక్కడికెళ్ళినా ముందు చెప్పినవాళ్ళ పక్కన నిలబడ్డాను. మొదటి రోగి ఎవరని విలేకరులు మైకులు పెట్టి అడిగితే, ఏ ఒక్కరి పేరూ నా నోట రాలేదు. అందుకు నన్ను మెచ్చుకున్నవాళ్ళున్నారు. అవ్వ చెప్పిన అబద్ధం నా వృత్తికి పనికిరాదు, కానీ ఆమె పెట్టుకున్న నియమం పనికొచ్చింది అని నేనూ గర్వపడ్డాను.

రిటైరై వచ్చి నానక్‌రామ్‌గూడలోనే ఓ మేడలో ఉంటున్నాను. మా అంతస్తులో హౌస్‌కీపింగ్ చేసే ఆమెది ఈ ఊరేనని ఓ మధ్యాహ్నం మాటల్లో తెలిసింది. ఇంకొంచెం అడిగితే, అవ్వ మనవరాలు. చేతిలో గ్లాసు కింద పెట్టేశాను. ఆమె నవ్వుతూ చెప్పింది: "ఎన్కట ఊర్ల జొరం మా ఇంట్లకెల్లే వచ్చిందంట మేడం. మొన్న కరోనా అప్పుడు గుడ మా వాడోళ్ళు, మల్ల మీ ఇంట్లకెల్లేనా అని ఒకటే నవ్వుడు. మా అమ్మ మస్తు ఏడ్చింది."

అమ్మ అంటే అవ్వ కోడలు. ఇంకా బతికే ఉంది.

ఇక ఆగలేకపోయాను. మీ ఇంట్లోంచి కాదు, మా ఇంట్లోంచి అన్నాను. గుమ్ములు, అన్న, రోకలి, గోడ, అంతా చెప్పాను. ఆమె మాప్ కర్ర పట్టుకుని విన్నది. కోపగించుకోలేదు.

"గప్పుడు మీకు ఎన్నేండ్లు మేడం?"

"తొమ్మిది."

"చిన్నపిల్లలు. ఏం జేస్తరు?" అంది. మాప్‌ను మళ్ళీ నీళ్ళలో ముంచుతూ, "మల్ల ఇన్నేండ్లు?" అంది.

 పేర్లు బయటపెట్టకూడదన్న నియమంలో మా ఇంటి పేరును కూడా కలిపి దాచుకున్నాను. నియమం అవ్వది, దాని చాటున దాక్కున్న భయం నాది. గోడ వారన నిలబడ్డ ఆ తొమ్మిదేళ్ళ పిల్ల నాలోనుంచి ఇప్పటికీ కదల్లేదు. మా అన్న పోయాడు, పోలీస్ పటేలూ పోయాడు, కొట్టడానికి వచ్చేవాళ్ళెవరూ మిగల్లేదు. అయినా ఈ కింది రెండు మాటలు రాసి, కొట్టేసి, మళ్ళీ రాశాను. ఆ ఏడాది మా ఊళ్ళో జ్వరం మొదట వచ్చింది మా ఇంట్లో. ఆ రోజు అవ్వ కోడలికి జ్వరం లేదు.