మావయ్య పెట్టిన వాతలు

మా మేనమామ పోయిన కబురు పడవలో వచ్చింది. తెచ్చినవాడు రాజోలు వైపు నుంచి కొబ్బరికాయలు తోలే సరంగు. అమలాపురం రేవులో గడ గుచ్చి, తలపాగా తీసి చంకలో పెట్టుకుని, "పెద్దాయన పొద్దున్నే పోయేరండి బాబూ" అన్నాడు. నేను "ఊఁ" అన్నాను. రెండేళ్ళుగా ఎదురు చూస్తున్న కబురు వస్తే ఏడుపు కంటే ముందు ఒళ్ళు బరువెక్కుతుంది. పడవలో కూర్చుని, ఏరు దాటేవరకూ సరంగు ముంజేతి మీది గుంట వైపే చూస్తూ ఉండిపోయాను. ఆ గుంట సంగతి తరువాత చెబుతాను.

మీలో చాలామందికి మావయ్య ముఖం కంటే ఆయన చేతి కడ్డీయే గుర్తుండవచ్చు. పొట్టలో బల్ల పెరిగి గట్టిపడిందన్నా, కామెర్లన్నా, కుక్క కరిచిందన్నా తాటిపాక చుట్టుపక్కల తల్లులందరూ పిల్లల్ని ఆయన అరుగు మీదికే తెచ్చేవారు. వేలెడు ఇనుపకడ్డీ ఎర్రగా కాల్చి ఆయన వాత పెట్టేవారు. పిల్లల్లో చాలామంది బతికారు. కడ్డీ వల్ల బతికారో, కడ్డీ పెట్టినా బతికారో నాకు తెలియదు. అక్షరాలు కూడబలుక్కుని సొంతంగా చదువుకున్నవాణ్ణి, వైద్యం సంగతి నన్నడగకండి.

ఆయన పెట్టిన మొదటి వాత నాదే. నాకు ఏడేళ్ళు, ఆయనకు పదిహేడు. "ఒక తాబేలు కాలవ దాటుతోందిరా. సగం దాటి వెనక్కి తిరిగి ఏమందో తెలుసా?" అన్నారు. "ఏమంది?" అని నేను నోరు తెరిచేసరికి ఎడమ పక్కటెముకల కింద చుర్రుమంది. తాబేలు ఏమందో నాకు చెప్పనేలేదు. కథ మధ్యలో ఎవరైనా ఆగితే ఈ వయసులోనూ నా పొట్ట ముడుచుకుపోతుంది.

ఆయన కాలిపిక్క మీదా ఒక వాత ఉండేది. చిన్నప్పుడు కుక్క కరిచిందని మా తాత పెట్టింది. అరవై ఏళ్ళు ఆ మచ్చ దాని మానాన అది పడి ఉంది. ఒక వేసవిలో దాని మధ్య పెసరగింజంత పుండు లేచింది. పొక్కు కట్టేది, పొక్కు రాలితే తడి, పంచె ఒరుసుకుంటే నెత్తురు. నొప్పి మాత్రం లేదు. అదే కొంప ముంచింది. నొప్పి ఉంటే ఆయనా భయపడేవారు.

తనకు తెలిసిన మందు ఆయన తనకే వేసుకున్నారు. అత్తయ్య అడ్డం పడింది. "కాలిన చోటే కాలిస్తే ఏం మానుద్దండీ?"

"ఊరందరికీ మానింది. నాకు మానదా?"

మూడుసార్లు కాల్చుకున్నారు. మూడోసారి పాదం కదలకుండా పట్టుకున్నది నేనే. ప్రతిసారీ పైన పల్చగా తోలు కట్టేది, "చూశావా!" అని కాలు చాపి చూపించేవారు. నెల తిరిగేసరికి అంచులెత్తి ఇంకాస్త వెడల్పుగా విచ్చుకునేది. ఏడాదిన్నరకు అరచెయ్యంతైంది.

అప్పుడు బలవంతాన రాజమండ్రి తీసుకెళ్ళాను. అక్కడి దొర వైద్యుడు దుబాసీ చేత అడిగించిన మొదటి మాట, "ఇక్కడ ఎప్పుడైనా కాలిందా?" మావయ్య పంచె కిందికి లాక్కున్నారు. నేనే చెప్పాను. పాత కాలిన మచ్చల్లో ఏళ్ళ తరువాత ఇలాంటి రాచపుండు లేస్తుందట. అన్నింట్లోనూ కాదు, ఎక్కడో ఒకదాంట్లో. గింజంత ఉన్నప్పుడే చుట్టూ ఉన్న మంచి తోలుతో సహా కోసేస్తే చాలావరకు పోతుందట. మావయ్య గజ్జల్లో తడిమి చూసి, వాచిన బిళ్ళలు చేతికి తగిలేసరికి తల అడ్డంగా ఊపాడు. ఇక కాలు తీసినా లాభం లేదన్నాడు.

తిరుగు పడవ కొత్తపేట దాటాక మావయ్య నా వైపు తిరిగారు. "ఒరే, నేను ఎంతమందికి పెట్టుంటాను?"

"ఎవరికి తెలుసు మావయ్యా."

"నీది చూపించు."

అందరి ముందూ ఉత్తరీయం తొలగించాను. బొటనవేలితో అటూ ఇటూ రాసి చూశారు. "మెత్తగానే ఉంది" అని ఊపిరి వదిలారు.

ఇక మొదలైంది మా తిరుగుడు. చేతికర్రతో ఆయన, వెనక నేను. తాటిపాక, మామిడికుదురు, లంకలు, గట్లు. ఎక్కిన ప్రతి అరుగు మీదా అదే మాట: "నేను పెట్టిన వాత చూపించు. దాంట్లో నెల తిరిగినా మానని పుండు లేస్తే కాల్పించుకోవద్దు, కోయించుకో. నొప్పిపెట్టే పుండు మనల్ని పిలుస్తుంది. ఇది పిలవదు." చెప్పీ చెప్పీ ఆయన గొంతు పోయింది, వినీ వినీ నా చెవులు పోయాయి. కొందరు కాళ్ళకు దండం పెట్టారు. కొందరు తలుపేసుకున్నారు. మామిడికుదురులో ఒక ముసలావిడ మాత్రం కడిగేసింది. "అప్పుడు వద్దు మొర్రో అంటే నలుగురి చేత పట్టించి మరీ కాల్చేవు. ఇప్పుడు చూపించమని బతిమాలతావేంటయ్యా?" మావయ్య తల వంచుకున్నారు గానీ అరుగు దిగలేదు. కాసేపటికి ఆవిడే విసుక్కుంటూ భుజం తిప్పి చూపించింది.

రెండో ఏడు సరంగు దొరికాడు. ముంజేతి వాత మధ్య పెసరగింజంత పుండు.

"నొప్పే లేదండీ. గడేసేటప్పుడు ఒరుసుకుందండి, అంతే."

"నాకూ నొప్పి లేదురా" అని మావయ్య పడవ అంచున కూర్చుని కాలి కట్టు విప్పారు. ఆ వాసనకు నేనే ముఖం తిప్పుకున్నాను. సరంగు తిప్పుకోలేదు. చాలాసేపు చూసి, "ఆయ్, ఎల్తానండి" అన్నాడు. రాజమండ్రి వెళ్ళాడు. కోశారు. గుంట మిగిలింది, చెయ్యీ మిగిలింది.

"రెండేళ్ళు తిరిగితే ఒక్కడా మావయ్యా!" అన్నాను, కాళ్ళు పీకి.

"ఒక్కడు దొరికేడురా" అన్నారు.

ఆఖరుసారి చూడబోయినప్పుడు తాబేలు ఏమందని అడిగాను. మంచం మీద నా వైపు తిరిగారు. "నాకేం తెలుసురా. ఏ పిల్లా నన్ను అంతవరకు చెప్పనివ్వలేదు."

సరంగు నన్ను దింపేసరికి ఏటి ఒడ్డున చితి పేర్చి ఉంది. జనం చాలామందే వచ్చారు, సగం మంది ఆయన కడ్డీ ఎరిగినవాళ్ళు. నిప్పంటుకున్నాక వేడికి నాలుగడుగులు వెనక్కి జరిగి చుట్టూ చూశాను. ఒకడి చెయ్యి పొట్ట మీద ఉంది. ఒకడు ఒక పాదంతో రెండో కాలి పిక్క రాసుకుంటున్నాడు. ఒకడి చెయ్యి కండువా కింద భుజం మీద తడుముకుంటోంది. సరంగు కుడిచేత్తో ఎడమ ముంజెయ్యి పట్టుకుని నిలబడ్డాడు. ఎవరూ ఎవరినీ చూడటం లేదు. నా బొటనవేలు ఎడమ పక్కటెముకల కింద అటూ ఇటూ రాస్తూనే ఉంది.