పేట మధ్యాహ్నం

మండపేట నుంచి ద్రాక్షారామం వైపు పారే కాలవ మీద, లాకు పక్కన ఒక రాతి గది ఉంది. దాన్ని కాలం తూము అంటారు. డెల్టాలో నీళ్లని ఎలా కొలిచి వదులుతారో కాలాన్నీ అలాగే వదలాలి. పట్టించుకోకపోతే ఒక ఊళ్లో పొద్దు గడవదు, పక్క ఊళ్లో తెల్లారిన కాసేపటికే దీపాలు పెడతారు. ఈ ఏర్పాటంతా చూసేది రాజమండ్రిలో గోదావరి గట్టున బంగళా కట్టుకున్న కాలపాలక మండలి. పన్నెండు కుటుంబాలవాళ్లు, తండ్రి తర్వాత కొడుకు, జరీ కండువాలు కప్పుకుని తిరుగుతారు. పలకలు ఎత్తి దించే చేతులు మాత్రం లస్కర్లవి.

ఈ తూము ఏడోది. దాని లస్కరు ఆశీర్వాదం పాము కరిచి చనిపోయాక అతని భార్య సంపూర్ణమ్మ ఆ పలకలు పట్టుకుంది. ఎవరూ పట్టుకోమనలేదు, మానమనీ అనలేదు. గాలివాన వచ్చిన ఏడాది కాలం ఒక్కసారిగా పొంగి వస్తే, పగలంతా పై పలక మీద కూర్చుని తన బరువుతో దాన్ని అదిమి ఆపింది. మర్నాడు మండలివారు జీపులో వచ్చి గోడలు చూసి, మరమ్మతు అని చెప్పి ఎడమవైపు ఒక రాగి గొట్టం బిగించారు. దాని చక్రానికి లక్క ముద్ర వేసి వెళ్లారు. ఆమెను మంచినీళ్లు మాత్రం అడిగారు.

అది జరిగిన రెండేళ్లకి, ఊడ్పుల రోజుల్లో, ఎడమగట్టు పేటలో ఉండే కూలి దేవకుమారి బురదకాళ్లతో తూము దగ్గరికి వచ్చింది.

"ఏంటే సంపూర్ణా, నీ తూము మా మజ్జానం మింగేత్తందా?"

"గంగరాజు మేస్త్రీని అడుగు."

"ఆడిదేముందే, మిల్లు కూత ఇని ఇజిలు ఊదుతాడు. పన్నెండుకి కూత్తే గట్టెక్కుతాం, ఒంటిగంటకి కూత్తే చేలోకి దిగుతాం. రెండో ముద్ద నోట్లో ఎట్టుకోకుండానే రెండో కూత వచ్చేత్తంది. మొన్న ఆడి చొక్కా పట్టుకున్నాం కూడాను. పాపం, ఆడి కేరేజీ మూతా తియ్యలేదు."

సంపూర్ణమ్మ మర్నాడు ఒకే పరిమాణం పిడతలు రెండు, ఒకే సంచిలోని బియ్యం, ఒకే మోపులోని పుల్లలు సిద్ధం చేసింది. పన్నెండు కూతకి కుడిగట్టున తాను, పేట ఉన్న ఎడమగట్టున దేవకుమారి పొయ్యి వెలిగించారు. ఒంటిగంట కూసేసరికి కుడిగట్టు అన్నం ఉడికి, వార్చి, చల్లారిపోయింది. ఎడమగట్టున ఎసరు ఇంకా మరగలేదు.

ఆ పచ్చి బియ్యం చూస్తుంటే ఆమె చెవులు వేడెక్కాయి. రెండేళ్లుగా ఆ రాగి గొట్టం చక్రం పక్కనే పడుకుని లేస్తోంది తను.

మండలికి మూడు ఉత్తరాలు రాయించింది. మూడోదానికి మండలి తరఫున కుక్కుటేశ్వరరావుగారు వచ్చారు. నీళ్ల గంగాళంలో అడుగున చిల్లు ఉన్న గడియ గిన్నె వేసి, అది మునిగేదాకా గొడుగు కింద నిలబడ్డారు.

"సరిగ్గా గడియ. తేడా ఏమీ లేదు."

"కుడిగట్టున కొలిచారండి. అవతలికి రండి."

"మండలివాళ్లం పేటవైపు దిగే ఆచారం లేదమ్మా."

"అందుకేనండి మీ గిన్నెకి తప్పు కనపళ్లేదు."

జీపు డ్రైవరు నవ్వు ఆపుకోవడం ఆయన కంటపడింది. మొహం ముడుచుకుని, తన అన్నం కేరియరు డ్రైవరు చేత మోయించుకుని ఎడమగట్టుకి వచ్చారు. పన్నెండు కూసింది. పీట వేసుకుని కూర్చున్నారు. పప్పు కలిపారు. నెయ్యి వేసుకున్నారు. మిల్లు కూసింది.

"ఇదేంటి, ఇప్పుడేగా కూర్చున్నాను!" అని అరిచారు.

పొలంలోకి దిగబోతున్న ఆడవాళ్లు వెనక్కి తిరిగి చూశారు. "మాకు రోజూ ఇంతేనండి," అంది దేవకుమారి.

ఆయన చెయ్యి కడుక్కున్నారు. గొంతు తగ్గించారు. "చూడు సంపూర్ణమ్మా, గొట్టం మండలి వేయించిందే. ఆ వేళకి బంగళాలో పెద్దలు సమాలోచనలో ఉంటారు. తొందరపడి తేల్చే విషయాలు కావు. వాళ్లకి వ్యవధి కావాలి, అది ఈ గొట్టంలోంచే వెళ్తుంది. పేటలో ఆ వేళప్పుడు ఎవరికేం పని చెప్పు?"

"అన్నం తినే పనండి."

ఆమె తూము గదిలోకి వెళ్లి గునపంతో లక్క ముద్ర పగలగొట్టింది. చక్రం బిగుసుకుపోయి ఉంది. రెండు చేతులూ వేసి, కాలు గోడకి తన్నిపెట్టి తిప్పింది. గొట్టం గురక పెట్టి ఆగిపోయింది.

"నీ పేరు తీసేయిస్తాను!"

"ఏ పేరండి? రిజిస్టర్లో మా ఆయన పేరుంది. పోయి తొమ్మిదేళ్లయింది. తీసేసుకోండి."

జీపు దుమ్ము రేపుకుంటూ వెళ్లిపోయింది.

ఆ రాత్రి ఆమె గుమ్మం కదల్లేదు. మర్నాడు పన్నెండు కూత అయిన కొద్దిసేపటికే జీపు మళ్లీ వచ్చింది. కుక్కుటేశ్వరరావుగారితో పాటు ఇద్దరు మనుషులు, ఒక కమ్మరి, సమ్మెట. చక్రం ఊడదీసి గొట్టాన్ని ఎప్పటికీ తెరిచే ఉంచేట్టు బిగిస్తారట.

"అడ్డు లే."

సంపూర్ణమ్మ గునపం అడ్డంగా పట్టుకుని గుమ్మంలో నిలబడింది. రెండేళ్ల మధ్యాహ్నాలు ఎక్కడినుంచి తెచ్చిస్తారని అడగాలనుంది. అడిగినా వాళ్ల దగ్గర లేవు, తిని అరిగించుకున్నారు.

"ఒక్క ఆడదాన్ని పక్కకి లాగలేరా?" అన్నారు ఆయన.

మనుషులిద్దరూ అడుగు ముందుకు వేసి ఆగిపోయారు. ఎడమగట్టు మీద పేట ఆడవాళ్లు అన్నాలు తినేసి, గిన్నెలు కడిగి బోర్లించి, చీర కుచ్చెళ్లు ఎగదోపుకుని పైకి వస్తున్నారు. ఇరవైమంది పైనే ఉంటారు. గంగరాజు మేస్త్రీ విజిల్ చేత్తో పట్టుకుని వాళ్ల వెనకే వస్తున్నాడు, ఊదడానికి మాత్రం లేదు.

ఒంటిగంట కూయడానికి ఇంకా చాలా టైముంది.