మాటలు లేని పదకొండు ముక్కలు

2023 ఫిబ్రవరి 21, మంగళవారం, ఉదయం పది గంటల నలభై నిమిషాలకు ఆ పని మొదలుపెట్టాను. కాలిఫోర్నియాలోని ఫ్రీమాంట్‌లో, సినిమా ఎడిటర్ ఇంటి గరాజ్‌లో. తీసిన వీడియో అంతా పాత డిస్క్ నుంచి కొత్త డిస్క్‌లోకి కాపీ చేసి, పాతది తుడిచెయ్యమని చెప్పి ఆమె పళ్ళ డాక్టరు దగ్గరికి వెళ్ళింది.

ఆమె ఫ్రెంచ్ మనిషి. పందొమ్మిదో ఏట పారిస్‌లో ఫిల్ము ముక్కలను టేపుతో అతికించడం నేర్చుకుంది. అప్పటికి ఆమెకు డెబ్భై నాలుగు. ఆ పనిలో యాభై ఐదేళ్ళు. మా ఊళ్ళోనే బట్టలు కుట్టే ఒక తెలుగు పెద్దావిడ మీద సినిమా కూరుస్తోంది. ఎడిటర్‌కు తెలుగు రాదు. షూటింగుకు వెంట వెళ్ళి, ఏ నిమిషంలో ఏం మాట్లాడారో పట్టికగా రాయడానికి నన్ను పెట్టుకుంది. నేను ముప్పై ఒక్క ఏళ్ళు లెక్కలు చెప్పిన టీచర్ని.

నేను అర్థం చెప్పబోతే ఆగమనేది. తెర మీద మనిషి నోటికి ఒక పోస్టుకార్డు అడ్డం పెట్టి, ముందు కళ్ళు చూసేది. "నువ్వు చెవులతో చూస్తావు," అని నన్ను ఏడిపించేది.

పదకొండు ముక్కల్లో పెద్దావిడ ఏమీ మాట్లాడలేదు. సగం కుట్టిన జాకెట్టు ఒళ్ళో పెట్టుకుని కూర్చుంది. కెమెరా ఆపాక నావైపు తిరిగి, "ఏం అమ్మాయ్, ఊరికే కూర్చున్నా షూట్ చేస్తారా? మీ దొరసానికి వేరే పన్లేదా?" అంది.

పట్టికలో వాటికెదురుగా "మాటలు లేవు" అని రాశాను. ఆ మంగళవారం వాటిని కాపీ చెయ్యలేదు. పట్టిక శుభ్రంగా ఉండాలని ఆ పదకొండు వరసలూ తీసేశాను. తర్వాత పాత డిస్క్ తుడిచేశాను.

ఏప్రిల్‌లో పెద్దావిడ చనిపోయింది. మే నెలలో ఎడిటర్ సినిమా చివరికి వచ్చింది.

"ఆమె జాకెట్టు పట్టుకుని ఊరికే కూర్చున్నవి తియ్యి. ముగింపు అదే."

"అలాంటివి లేవు," అన్నాను.

"లేకపోవడమేమిటి? నేను చూశాను."

"పట్టికలో లేవు."

ఆమె పట్టిక తీసుకుని ప్రతి పేజీ తిప్పింది. "నీ లెక్క తప్పదు. నా బుర్రే ఖాళీ అవుతోంది," అని నుదురు తట్టుకుని నవ్వింది. అప్పుడైనా నిజం చెప్పాల్సింది. లేచి మంచినీళ్ళు తెచ్చి ఇచ్చాను.

సినిమాను పెద్దావిడ మాటలతోనే ముగించింది. తర్వాత డాక్టరుకు చూపించుకుంది. జ్ఞాపకశక్తికి లోపమేమీ లేదని ఆయన చెప్పినా నమ్మలేదు. నా పట్టికను నమ్మింది. "లేనివి చూసేదాన్ని ఇతరుల సినిమా ఎలా ముట్టుకుంటాను?" అని జూలైలో పని మానేసింది.

ఇంకా చెప్పలేదు. ఆదివారాలు ఫోన్ చేస్తాను. పాత సంగతి ఏదొచ్చినా, అది ఏ రోజు జరిగిందో నన్నే అడుగుతుంది.

పోయినవి: పదకొండు ముక్కలు, మొత్తం పద్నాలుగు నిమిషాల ముప్పై ఎనిమిది సెకన్లు. ఒక సినిమాకు ముగింపు. ఒక ఎడిటర్‌కు తన కళ్ళ మీదున్న నమ్మకం.